64-బిట్ విండోస్‌లో "డిఫ్‌ఎక్స్‌ఏపీఐ.డీఎల్ఎల్ కనబడలేదు": ఏ డీఎల్ఎల్ పెట్టాలి?

మీటర్‌ముల్లు (ప్రశ్న)

యూఎస్‌బీతో తగిలించే ఉష్ణోగ్రత లాగర్‌కి డ్రైవర్ ఎక్కించాలి. దాంతో వచ్చిన సెటప్ 2012 నాటిది, 32-బిట్. కంప్యూటర్‌లో ఉన్నది విండోస్ 10 22హెచ్2, 64-బిట్. సెక్యూర్ బూట్ (సంతకం లేని బూట్ కోడ్‌ని ఆపే రక్షణ) ఆన్‌లో ఉంది.

సెటప్ నడిపితే డిఫ్‌ఎక్స్‌ఏపీఐ.డీఎల్ఎల్ కనబడలేదని ఆగిపోతోంది. వేరే పరికరాల సీడీల్లో ఇదే పేరుతో రెండు ఫైళ్ళు దొరికాయి, సైజులు వేరు. ఒకటి 64-బిట్‌ది. దాన్ని సెటప్ పక్కన పెడితే 0ఎక్స్‌సీ000007బీ అని వచ్చి అసలు తెరుచుకోదు. రెండోది 32-బిట్‌ది. దాన్ని పెడితే సెటప్ తెరుచుకుంటుంది, పచ్చగీత సగం దాకా వెళ్తుంది, తర్వాత "డ్రైవర్ ఇన్‌స్టాల్ కాలేదు, 0ఎక్స్‌ఈ0000235" అంటుంది. రెగ్‌ఎస్‌వీఆర్32తో రిజిస్టర్ చేయబోతే ఎంట్రీ పాయింట్ లేదంటోంది.

సెటప్ వచ్చిన జిప్‌లో "డ్రైవర్" అనే ఫోల్డర్ ఉంది, అందులో ఎక్స్86, ఎక్స్64 అని రెండు ఫోల్డర్లు. ఒక్కోదాంట్లో .ఐఎన్ఎఫ్ (ఇన్‌స్టాల్ సూచనలు), .సీఏటీ (సంతకం ఉన్న క్యాటలాగ్), .ఎస్‌వైఎస్ (అసలు డ్రైవర్), ఇంకా డబ్ల్యూడీఎఫ్‌కోఇన్‌స్టాలర్01009.డీఎల్ఎల్ ఉన్నాయి.

ఏ వెర్షన్ డీఎల్ఎల్ ఎక్కడ పెట్టాలి? లేదా సెటప్‌తో పని లేకుండా ఎక్కించే దారి ఉందా?

---

పిన్‌బోర్డు

మీకొచ్చిన ఎర్రర్లలో అసలు సంగతి చెబుతున్నది మూడోది. అక్కణ్నుంచి వెనక్కి వద్దాం.

0ఎక్స్‌ఈ0000235 అంటే "64-బిట్ విండోస్ మీద 32-బిట్ ప్రోగ్రామ్ నుంచి ఈ పని చేయలేను" అని. డిఫ్‌ఎక్స్‌ఏపీఐలోని ఫంక్షన్లు ఏ ప్రాసెస్‌లో నడుస్తున్నాయో చూసుకుంటాయి. విండోస్ 64-బిట్ అయి ప్రాసెస్ 32-బిట్ అయితే పని మొదలెట్టకుండానే ఈ కోడుతో వెనక్కి వస్తాయి. ఇక 0ఎక్స్‌సీ000007బీ సంగతి: 32-బిట్ ప్రాసెస్‌లోకి 64-బిట్ డీఎల్ఎల్ లోడ్ కాదు, అంతే. అంటే మీ సెటప్ పక్కన 64-బిట్‌ది పెడితే లోడ్ కాదు, 32-బిట్‌ది పెడితే లోడ్ అయి పని చేయనంటుంది. మూడో రకం లేదు. కాబట్టి "ఏ వెర్షన్ పెట్టాలి" అన్నదానికి జవాబు: ఏదీ పెట్టొద్దు. ఈ సెటప్ 64-బిట్ విండోస్ కోసం కట్టిన సెటప్పే కాదు, లేదా దాని 64-బిట్ సహాయక ప్రోగ్రామ్ ఎక్కడో తప్పిపోయింది. సరిగ్గా కట్టిన 32-బిట్ సెటప్‌లు డ్రైవర్ వంతు రాగానే డీపీఇన్‌స్ట్ లాంటి 64-బిట్ ప్రోగ్రామ్ ఒకదాన్ని విడిగా నడిపి దానికి పని అప్పగిస్తాయి.

ఈ లైబ్రరీ ఏమిటో రెండు మాటల్లో. పూర్తి పేరు డ్రైవర్ ఇన్‌స్టాల్ ఫ్రేమ్‌వర్క్స్ ఏపీఐ. డ్రైవర్ ప్యాకేజీని ముందుగా స్టోర్‌లో (విండోస్ డ్రైవర్లను దాచే చోటు) చేర్చడం, ఇన్‌స్టాల్ చేయడం, తీసేయడం, ఎక్కడుందో చెప్పడం, లాగ్ సందేశాలు అందించడం: ఇంతవరకే దాని పని. అసలు బరువు మోసేవి విండోస్‌తోపాటే వచ్చే సెటప్‌ఏపీఐ.డీఎల్ఎల్, న్యూడెవ్.డీఎల్ఎల్, సీఎఫ్‌జీఎంజీఆర్32.డీఎల్ఎల్. సెటప్‌ఏపీఐ .ఐఎన్ఎఫ్ చదివి ఫైళ్ళ కాపీ, రిజిస్ట్రీ రాతలు చూస్తుంది. న్యూడెవ్ ఏ పరికరానికి ఏ డ్రైవర్ తగులుతుందో చూసి అతికిస్తుంది. సీఎఫ్‌జీఎంజీఆర్32 పరికరాల చెట్టుని మళ్ళీ వెతికిస్తుంది, ఒక్కో పరికరం స్థితి చెబుతుంది. డిఫ్‌ఎక్స్‌ఏపీఐ వీటి పైన వేసిన తొడుగు. విండోస్ 10 1607 నాటి డ్రైవర్ కిట్ నుంచి మైక్రోసాఫ్ట్ దాన్ని తీసేసింది కూడా. రెగ్‌ఎస్‌వీఆర్32 ఎందుకు ఒప్పుకోలేదంటే అది కామ్ (కాంపొనెంట్ ఆబ్జెక్ట్ మోడల్) లైబ్రరీ కాదు. రిజిస్టర్ చేయడానికి అందులో ఏమీ లేదు.

ఒక హెచ్చరిక, ఇది మీకే కాదు, ఇదే ఎర్రర్ వెతుక్కుంటూ ఇక్కడికి వచ్చే అందరికీ. డీఎల్ఎల్ ఫైళ్ళు విడిగా ఇచ్చే వెబ్‌సైట్ల నుంచి దీన్ని దింపుకోవడం కొరివితో తల గోక్కోవడమే. సెటప్ అడ్మినిస్ట్రేటర్ హక్కులతో నడుస్తుంది. విండోస్ డీఎల్ఎల్‌ని వెతికేటప్పుడు మామూలుగా మొదట చూసేది ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్‌లోనే. అక్కడ ఆ పేరుతో ఏ ఫైల్ ఉన్నా, ఎవరు రాసినదైనా, దానికి అడ్మినిస్ట్రేటర్ హక్కులు దక్కినట్టే. అందుకే ఏ సెటప్‌నీ డౌన్‌లోడ్స్ ఫోల్డర్ నుంచి నేరుగా నడపకండి. ఖాళీ ఫోల్డర్ ఒకటి చేసి, అందులోకి విప్పి, అక్కణ్నుంచి నడపండి.

అసలు మొదట "కనబడలేదు" అని ఎందుకొచ్చింది? ఎక్కువసార్లు కారణం ఇది: జిప్‌ని విప్పకుండానే లోపలికి వెళ్ళి సెటప్ మీద డబుల్ క్లిక్ చేస్తే విండోస్ ఆ ఒక్క ఫైల్‌నే తాత్కాలిక ఫోల్డర్‌లోకి తీసి నడుపుతుంది. పక్కనున్న డీఎల్ఎల్‌లు, ఫోల్డర్లు జిప్‌లోనే ఉండిపోతాయి. రెండో కారణం యాంటీవైరస్ దాన్ని క్వారంటైన్‌లో పడేయడం. విప్పాక కూడా ఆ ఫైల్ లేకపోతే అక్కడ చూడండి.

ఇప్పుడు సెటప్‌తో పని లేని దారి. మీ దగ్గర .ఐఎన్ఎఫ్, .సీఏటీ, .ఎస్‌వైఎస్ మూడూ ఉన్నాయి కాబట్టి కావలసింది మొత్తం ఉన్నట్టే.

1. పరికరం తీగ పీకేయండి. జిప్ మొత్తాన్ని సీ:\లాగర్ లాంటి చిన్న దారిలోకి విప్పండి.

2. ఎక్స్64 ఫోల్డర్‌లోని .ఐఎన్ఎఫ్‌ని నోట్‌ప్యాడ్‌లో తెరిచి చూడండి, ఏమీ మార్చకండి. పైన "వెర్షన్" విభాగంలో "క్యాటలాగ్‌ఫైల్" అన్న వరుస ఉండాలి, ఆ పేరుతో .సీఏటీ ఫైల్ పక్కనే ఉండాలి. "మాన్యుఫ్యాక్చరర్" విభాగంలో ఎన్‌టీఏఎండీ64 అన్న మాట ఉండాలి. అది లేకపోతే ఆ ఐఎన్ఎఫ్ 64-బిట్‌కి రాసింది కాదు.

3. కమాండ్ ప్రాంప్ట్‌ని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి ఇలా ఇవ్వండి (పీఎన్‌పీయుటిల్ విండోస్‌లోనే ఉండే డ్రైవర్ల పనిముట్టు):

పీఎన్‌పీయుటిల్ /యాడ్-డ్రైవర్ సీ:\లాగర్\డ్రైవర్\ఎక్స్64\*.ఐఎన్ఎఫ్ /ఇన్‌స్టాల్

పైనున్న "డ్రైవర్" ఫోల్డర్ చూపించి /సబ్‌డిర్స్ జోడించే అలవాటు కొందరికి ఉంది. ఇక్కడ వద్దు. ఎక్స్86 ఫోల్డర్ కూడా దాని కిందే ఉంది కాబట్టి అనవసరపు ఎర్రర్లు కలగాపులగంగా వస్తాయి.

4. ప్యాకేజీ చేరిందని చెబుతూ ఓఈఎం27.ఐఎన్ఎఫ్ లాంటి కొత్త పేరు చూపిస్తుంది. ఆ పేరు రాసి పెట్టుకోండి, రేపు తీసేయాలంటే అదే కావాలి. ఇప్పుడు పరికరం తగిలించండి.

ఫోల్డర్‌లోని డబ్ల్యూడీఎఫ్‌కోఇన్‌స్టాలర్01009.డీఎల్ఎల్‌ని కదపకండి. ఆ అంకె కేఎండీఎఫ్ (మైక్రోసాఫ్ట్ డ్రైవర్ ఫ్రేమ్‌వర్క్) 1.9 అని చెబుతోంది. విండోస్ 7తో వచ్చింది ఆ వెర్షనే. విండోస్ 10లో అంతకంటే కొత్తది లోపలే ఉంది కాబట్టి దాని వల్ల కొత్తగా జరిగేది ఏమీ లేదు. అయినా ఐఎన్ఎఫ్‌లోని కాపీ జాబితాలో దాని పేరుంది. ఫైల్ లేకపోతే కాపీ దగ్గరే ఆగి, "ఫైల్ దొరకలేదు" అంటుంది.

---

ఎర్రదీపం

ఇంత దూరం ఎందుకండీ, .ఐఎన్ఎఫ్ మీద కుడి క్లిక్ చేసి "ఇన్‌స్టాల్" కొడితే సరిపోదా? అదీ కాకపోతే స్టార్టప్ సెట్టింగ్స్‌లోకి వెళ్ళి డ్రైవర్ సంతకం తనిఖీ ఆపేసి ఎక్కించొచ్చు.

---

పిన్‌బోర్డు

@ఎర్రదీపం గారు, కుడి క్లిక్ దారి "డీఫాల్ట్‌ఇన్‌స్టాల్" అనే విభాగం ఉన్న ఐఎన్ఎఫ్‌ల కోసం పుట్టింది. ప్లగ్ అండ్ ప్లే పరికరాల ఐఎన్ఎఫ్‌లలో ఆ విభాగం సాధారణంగా ఉండదు. అందుకే "ఈ ఐఎన్ఎఫ్ ఈ పద్ధతిని సపోర్ట్ చేయదు" అన్న సందేశం తరచూ కనిపిస్తుంది. పనిచేసినప్పుడు కూడా ఏం జరిగిందో స్పష్టంగా చెప్పదు. పీఎన్‌పీయుటిల్ అయితే ఫలితం కళ్ళముందు ఉంటుంది, ఎగ్జిట్ కోడు ఉంటుంది.

సంతకం తనిఖీ ఆపడం మాత్రం వద్దు. స్టార్టప్ సెట్టింగ్స్‌లో ఎంచుకున్నది ఆ ఒక్క బూట్‌కే. డ్రైవర్ ఎక్కినట్టే ఉంటుంది, పరికరం పనిచేసినట్టే ఉంటుంది, మర్నాడు ఆన్ చేయగానే డివైస్ మేనేజర్‌లో పసుపు గుర్తు, కోడ్ 52. సంతకం తనిఖీ ఇన్‌స్టాల్ అప్పుడు ఒకసారి చేసి ఊరుకునేది కాదు, డ్రైవర్‌ని కెర్నెల్‌లోకి (విండోస్ లోపలి ప్రధాన భాగం) లోడ్ చేసే ప్రతిసారీ జరుగుతుంది. టెస్ట్‌సైనింగ్ (పరీక్ష సంతకాలనూ ఒప్పుకునే సెట్టింగ్) ఆన్ చేద్దామంటే సెక్యూర్ బూట్ ఆన్‌లో ఉండగా, బూట్ సెట్టింగ్‌లు మార్చే బీసీడీఎడిట్ ఒప్పుకోదు. ఉష్ణోగ్రతలు చదివే పరికరం కోసం సెక్యూర్ బూట్ తీసేయమని నేనెవరికీ చెప్పను.

పైగా ఈ ప్యాకేజీకి ఆ అవసరం కూడా ఉండకపోవచ్చు. విండోస్ 10 1607 నుంచి కొత్త కెర్నెల్ డ్రైవర్లు మైక్రోసాఫ్ట్ పోర్టల్ ద్వారా సంతకం చేయించుకోవాలి, నిజమే. కానీ 2015 జులై 29కి ముందు జారీ అయిన సర్టిఫికెట్‌తో సంతకం చేసినవాటికి మినహాయింపు ఉంది. 2012 నాటి .సీఏటీ సరిగ్గా క్రాస్-సైన్ అయి ఉంటే ఆ గీతకి ఇవతలే ఉంటుంది. .సీఏటీ మీద కుడి క్లిక్, ప్రాపర్టీస్, డిజిటల్ సిగ్నేచర్స్ ట్యాబ్‌లో తేదీ, సంతకం చేసినవారి పేరు కనిపిస్తాయి. ముందు అది చూడండి.

---

మీటర్‌ముల్లు

పిన్‌బోర్డు గారూ, చెప్పినట్టే చేశాను. .సీఏటీలో సంతకం ఉంది, 2012 తేదీ. పీఎన్‌పీయుటిల్ ప్యాకేజీ చేరిందని చెప్పింది, ఓఈఎం31.ఐఎన్ఎఫ్ అని పేరిచ్చింది. కానీ తగిలించాక డివైస్ మేనేజర్‌లో ఇంకా "తెలియని పరికరం" కిందే ఉంది, కోడ్ 28 (డ్రైవర్ లేదు). ఎగ్జిట్ కోడు చూస్తే 259.

డీటెయిల్స్ ట్యాబ్‌లో హార్డ్‌వేర్ ఐడీలు చూశాను. వీఐడీ (తయారీదారు అంకె) ఐఎన్ఎఫ్‌లో ఉన్నదే, పీఐడీ (ఉత్పత్తి అంకె) మాత్రం వేరు. ఐఎన్ఎఫ్‌లో ఆ వరుసకి కింద ఈ కొత్త పీఐడీతో ఇంకో వరుస రాసేస్తే సరిపోతుందా?

---

లాగ్‌చదువరి

ఆ వరుస రాయకముందు ఒక్క నిమిషం. ఇలాంటివి ఊహతో కాకుండా లాగ్ చూసి తేల్చుకోవచ్చు. చాలామంది దాన్ని తెరవనే తెరవరు, అందుకే కొంచెం వివరంగా రాస్తున్నాను.

సీ:\విండోస్\ఐఎన్ఎఫ్ ఫోల్డర్‌లో సెటప్‌ఏపీఐ.డెవ్.లాగ్ అనే ఫైల్ ఉంటుంది. డ్రైవర్ ప్యాకేజీ చేరినా, పరికరం తగిలించినా, అతికినా, విఫలమైనా అక్కడ ఒక విభాగం పడుతుంది. ఫైల్ పెద్దదిగా ఉంటుంది కాబట్టి దాన్ని వేరే చోటికి కాపీ చేసుకుని, నోట్‌ప్యాడ్‌లో కింది నుంచి పైకి వెతకండి. మీ ఐఎన్ఎఫ్ పేరుతోనో, పరికరం వీఐడీతోనో వెతికితే నేరుగా చోటికి వెళ్తారు.

ప్రతి విభాగం మూడు కుడి బాణాలతో, చదరపు బ్రాకెట్లలో పని పేరుతో మొదలవుతుంది. మూడు ఎడమ బాణాలతో ముగుస్తుంది. ఆఖరి వరుసలో "ఎగ్జిట్ స్టేటస్" ఉంటుంది: సక్సెస్ అనో, ఫెయిల్యూర్ అని పక్కన కోడు వేసో. మధ్య వరుసల మొదట్లో మూడక్షరాల గుర్తులుంటాయి. ఎస్‌టీఓ అంటే డ్రైవర్ స్టోర్ పని, ఎస్ఐజీ అంటే సంతకం తనిఖీ, ఎన్‌డీవీ అంటే న్యూడెవ్ చేస్తున్నది, డీవీఐ అంటే పరికరానికి తగిన డ్రైవర్ ఎంపిక, సీపీవై, ఎఫ్ఎల్‌క్యూ ఫైళ్ళ కాపీ. వరుస మొదట ఒక ఆశ్చర్యార్థకం ఉంటే హెచ్చరిక, మూడుంటే ఎర్రర్. అంచేత మూడు ఆశ్చర్యార్థకాల కోసం వెతికి, దొరికినచోట నాలుగైదు వరుసలు పైకి చదవండి. ఆఖర్న ఉన్న కోడు చాలాసార్లు పైపైదే. అసలు కారణం మొదట పడిన ఎర్రర్‌లో ఉంటుంది.

మీ కేసులో రెండు విభాగాలు ఉండాలి. ప్యాకేజీ చేర్చినప్పటిది ఒకటి: అందులో ఎస్ఐజీ వరుసలు సక్సెస్ అని, ఎస్‌టీఓ వరుసల్లో ఫైల్‌రిపాజిటరీ ఫోల్డర్‌లోకి కాపీ అయినట్టు ఉంటుంది. రెండోది పరికరం తగిలించినప్పటిది: డీవీఐ వరుసల్లో హార్డ్‌వేర్ ఐడీల జాబితా ఇచ్చి, వాటికి సరిపోయే డ్రైవర్ ఏదీ దొరకలేదని ఉంటుంది. ఇలా ఉంటే మీ ప్యాకేజీలో లోపం లేదు, అది ఈ పరికరానిది కాదు. 259 కూడా అదే చెబుతోంది: ప్యాకేజీ స్టోర్‌లో చేరింది, కానీ అది తగిలే పరికరం ఏదీ లేదు, లేదా ఉన్న పరికరానికి ఇప్పటికే ఇంతకంటే మంచి డ్రైవర్ ఉంది. కోడ్ 28 ఉంది కాబట్టి మీకు వర్తించేది మొదటిది.

---

పిన్‌బోర్డు

లాగ్‌చదువరి గారు చెప్పింది సరిగ్గా సరిపోయింది. ఇక వరుస చేర్చే సంగతి.

.సీఏటీలో ఉన్నది ప్యాకేజీలోని ఒక్కో ఫైల్ హ్యాష్ (ఫైల్ వేలిముద్ర లాంటి అంకె), .ఐఎన్ఎఫ్‌తో సహా. సంతకం ఆ జాబితా మీద ఉంది. ఐఎన్ఎఫ్‌లో ఒక్క అక్షరం, ఒక్క ఖాళీ మారినా హ్యాష్ మారిపోతుంది. పీఎన్‌పీయుటిల్ వెంటనే "ఈ ఫైల్ హ్యాష్ క్యాటలాగ్‌లో లేదు, ఫైల్ పాడైంది లేదా ఎవరో మార్చారు" అని ఆపేస్తుంది. "క్యాటలాగ్‌ఫైల్" వరుస కూడా తీసేస్తే సంతకం సమాచారమే లేదని ఆపుతుంది. కాబట్టి అటు దారి లేదు.

ఉందనుకున్నా చేయకూడదు. ఒకే మోడల్ పరికరంలో పీఐడీ మారిందంటే లోపల చిప్ మారి ఉండొచ్చు. పాత .ఎస్‌వైఎస్ ఆ చిప్‌తో మాట్లాడే పద్ధతే వేరు కావచ్చు. అప్పుడు కోడ్ 28 పోయి కోడ్ 10 (పరికరం మొదలు కాలేదు) వస్తుంది. కెర్నెల్ డ్రైవర్ తప్పుగా ప్రవర్తిస్తే బ్లూ స్క్రీన్ దాకా వెళ్తుంది.

ముందు పాతదాన్ని తీసేయండి. ఏ పరికరానికీ తగలని ప్యాకేజీ స్టోర్‌లో ఉండి ఉపయోగం లేదు:

పీఎన్‌పీయుటిల్ /డిలీట్-డ్రైవర్ ఓఈఎం31.ఐఎన్ఎఫ్ /అన్ఇన్‌స్టాల్

తీసేముందు పీఎన్‌పీయుటిల్ /ఎనమ్-డ్రైవర్స్ ఇచ్చి, ఓఈఎం31 పక్కన ఉన్న అసలు పేరు, ప్రొవైడర్ మీ లాగర్‌వేనని చూసుకోండి. అంకె తప్పు కొడితే ఇంకో పరికరం డ్రైవర్ పోతుంది. /ఫోర్స్ జోడించకండి, ఇక్కడ అవసరం లేదు.

తర్వాత డివైస్ మేనేజర్ డీటెయిల్స్‌లోనే "కంపాటిబుల్ ఐడీలు" చూడండి. అక్కడ క్లాస్_02, సబ్‌క్లాస్_02 ఉంటే అది మామూలు యూఎస్‌బీ సీరియల్ పరికరం. విండోస్ 10లో యూఎస్‌బీసెర్ డ్రైవర్ లోపలే ఉంది, దానంతట అదే అతుక్కుంటుంది. మీకు కోడ్ 28 వచ్చింది కాబట్టి అది అయ్యుండదు. క్లాస్_ఎఫ్ఎఫ్ ఉంటే తయారీదారు సొంత పద్ధతి అన్నమాట, సొంత డ్రైవర్ కావాలి.

అప్పుడు మైక్రోసాఫ్ట్ అప్‌డేట్ క్యాటలాగ్ సైట్‌లో వీఐడీ, పీఐడీ కలిపి ఉన్న హార్డ్‌వేర్ ఐడీ ముక్కని అతికించి వెతకండి. పరికరం పేరుతో వెతికితే దొరకనివి కూడా ఇలా దొరుకుతాయి. ఆ చిప్ తయారుచేసినవారు పెట్టిన ప్యాకేజీ తగులుతుంది. అది .సీఏబీ ఫైల్‌గా దిగుతుంది. ఖాళీ ఫోల్డర్ చేసి అందులోకి విప్పండి:

ఎక్స్‌పాండ్ -ఎఫ్:* డ్రైవర్.సీఏబీ సీ:\లాగర్2

విప్పిన ఐఎన్ఎఫ్‌లో మీ పీఐడీ ఉందో లేదో వెతికి, ఉంటేనే మళ్ళీ పీఎన్‌పీయుటిల్.

జాడిగ్ (యూఎస్‌బీ డ్రైవర్ ఎక్కించే పనిముట్టు) వాడమని ఎవరైనా చెబితే ఒక మాట. అది లిబ్‌డబ్ల్యూడీఐ అనే లైబ్రరీ మీద నడుస్తుంది. మీ పరికరం ఐడీతో అప్పటికప్పుడు ఐఎన్ఎఫ్ తయారుచేసి, తనే ఒక సర్టిఫికెట్ పుట్టించి, కంప్యూటర్ నమ్మే సర్టిఫికెట్లలో చేర్చి, విన్‌యూఎస్‌బీ లాంటి సాధారణ డ్రైవర్‌ని అతికిస్తుంది. మంచి పనిముట్టు, కానీ పరికరంతో మాట్లాడే ప్రోగ్రామ్ లిబ్‌యూఎస్‌బీ లేదా విన్‌యూఎస్‌బీ ద్వారా మాట్లాడేదైతేనే. కామ్ పోర్ట్ కోసం వెతికే ప్రోగ్రామ్‌కి దీంతో ఒరిగేదేమీ లేదు. పైగా జాబితాలో కీబోర్డునో మౌస్‌నో పొరపాటున ఎంచుకుంటే అది అప్పటికప్పుడే పనిచేయడం మానేస్తుంది.

---

కట్టుబడి

సెటప్‌లు తయారుచేసే పని మీద ఉన్నవాళ్ళ కోసం కొంచెం. ఈ ఎర్రర్ వాడేవాళ్ళ దగ్గర కనిపిస్తున్నా దీన్ని సరిదిద్దాల్సింది ప్యాకేజీ కట్టేవాళ్ళే.

డిఫ్‌ఎక్స్‌ఏపీఐకి కట్టిన పాత కోడ్ ఉంటే డ్రైవర్‌ప్యాకేజ్‌ఇన్‌స్టాల్ స్థానంలో న్యూడెవ్‌లోని డీఐఇన్‌స్టాల్‌డ్రైవర్ పెట్టండి. అది విస్టా నుంచి ఉంది. తీసేయడానికి డీఐఅన్ఇన్‌స్టాల్‌డ్రైవర్, ఇది విండోస్ 10 1703 నుంచి. రెండూ విండోస్‌లోనివే కాబట్టి సెటప్‌తోపాటు మోసుకెళ్ళాల్సిన డీఎల్ఎల్ ఏదీ ఉండదు. కానీ ఇక్కడా అదే నియమం: 32-బిట్ ప్రాసెస్ నుంచి పిలిస్తే 64-బిట్ విండోస్‌లో అదే 0ఎక్స్‌ఈ0000235. తొడుగు మార్చినా నియమం మారదు. ఈ పని చేసే చిన్న ప్రోగ్రామ్‌ని 64-బిట్‌లో కట్టి సెటప్ నుంచి పిలవండి. ఏఆర్ఎం64 యంత్రాలు కూడా లెక్కలో ఉంటే ఐఎన్ఎఫ్‌లో ఎన్‌టీఏఆర్ఎం64 విభాగం, దానికి తగ్గ .ఎస్‌వైఎస్ తప్పనిసరి. అక్కడ 64-బిట్ ఇంటెల్ ప్రోగ్రామ్‌లు ఎమ్యులేషన్‌లో నడవొచ్చు గానీ కెర్నెల్ డ్రైవర్‌కి ఎమ్యులేషన్ ఉండదు.

కోడ్ రాయకుండా పీఎన్‌పీయుటిల్‌నే పిలుస్తామంటే అదీ బాగానే ఉంటుంది. అందులో ఎక్కువమంది ఇరుక్కునేచోటు ఇది: 32-బిట్ సెటప్ సిస్టమ్32 అని అడిగితే విండోస్ దాన్ని నిశ్శబ్దంగా సిస్‌వావ్64కి మళ్ళిస్తుంది. పీఎన్‌పీయుటిల్ అక్కడ ఉండదు. "ఫైల్ లేదు" అని వస్తుంది, ఎక్స్‌ప్లోరర్‌లో చూస్తే సిస్టమ్32లో కళ్ళెదుటే ఉంటుంది. 32-బిట్ ప్రాసెస్ నుంచి పిలిచేటప్పుడు దారిలో సిస్టమ్32 బదులు సిస్‌నేటివ్ అని రాయండి. అది నిజమైన ఫోల్డర్ కాదు, 32-బిట్ ప్రాసెస్‌లకు మాత్రమే కనిపించే మారుపేరు. 64-బిట్ ప్రాసెస్ నుంచి అదే దారి వాడితే దొరకదు.

ఎగ్జిట్ కోడుల్ని సున్నా అయితే సక్సెస్, లేకపోతే ఫెయిల్ అని రెండు ముక్కల్లో చూడొద్దు. 0 సక్సెస్. 3010 కూడా సక్సెస్సే, రీస్టార్ట్ మిగిలింది. 1641 అంటే రీస్టార్ట్ మొదలైపోయింది. 259 గురించి పైన లాగ్‌చదువరి గారు రాశారు. సెటప్ నడిపేటప్పుడు పరికరం తగిలించి లేకపోతే వచ్చేది అదే, కాబట్టి దాన్ని ఎర్రర్‌గా చూపించి వాడేవాళ్ళని భయపెట్టకండి.

ఇంకా డీపీఇన్‌స్ట్‌తో నెట్టుకొస్తున్నవాళ్ళకి: దాని రిటర్న్ విలువని నాలుగు బైట్లుగా విడదీసి చదవాలి. పై బైట్‌లో (హెక్స్ అంకెల్లో) 80 ఉంటే ఏదో ప్యాకేజీ ఎక్కలేదు, 40 ఉంటే రీస్టార్ట్ కావాలి. రెండో బైట్ ఎక్కని ప్యాకేజీల లెక్క. మూడోది స్టోర్‌లో చేరి పరికరానికి అతకనివాటి లెక్క. నాలుగోది పరికరానికి అతికినవాటి లెక్క. అందుకే 256 అని వస్తే ఎర్రర్ కాదు. ఒక ప్యాకేజీ స్టోర్‌లో సిద్ధంగా ఉంది, పరికరం తగిలిస్తే అతుక్కుంటుంది. దీన్ని ఫెయిల్యూర్ అనుకుని మొత్తం సెటప్‌ని వెనక్కి తిప్పే స్క్రిప్టులు ఇంకా కనిపిస్తుంటాయి.

కో-ఇన్‌స్టాలర్లకి (డ్రైవర్ ఇన్‌స్టాల్ అప్పుడు అదనపు పనులు చేసే డీఎల్ఎల్‌లకి) కూడా స్వస్తి చెప్పండి. డ్రైవర్లకి మైక్రోసాఫ్ట్ పెట్టిన కొత్త డీసీహెచ్ నియమాల్లో వాటికి చోటు లేదు. అవి సిస్టమ్ హక్కులతో నడుస్తాయి కాబట్టి జాగ్రత్తగల నిర్వాహకులు రిజిస్ట్రీలో డిజేబుల్‌కోఇన్‌స్టాలర్స్ అని 1 పెట్టి వాటిని మొత్తంగా ఆపేస్తుంటారు. మీ డ్రైవర్ వాటి మీద ఆధారపడితే అలాంటిచోట్ల సగమే ఎక్కుతుంది.

---

మీటర్‌ముల్లు

కంపాటిబుల్ ఐడీల్లో క్లాస్_ఎఫ్ఎఫ్ ఉంది. క్యాటలాగ్ సైట్‌లో హార్డ్‌వేర్ ఐడీతో వెతికితే చిప్ తయారీదారు ప్యాకేజీ దొరికింది. ఎక్స్‌పాండ్ చేసి, ఐఎన్ఎఫ్‌లో పీఐడీ ఉందని చూసుకుని, పీఎన్‌పీయుటిల్ ఇచ్చాను. ఎగ్జిట్ కోడు 0. డివైస్ మేనేజర్‌లో పసుపు గుర్తు పోయింది, "పరికరం సరిగ్గా పనిచేస్తోంది" అని ఉంది. అందరికీ ధన్యవాదాలు.

ఒక్కటి మిగిలింది. లాగర్ ప్రోగ్రామ్ తెరిచి "కనెక్ట్" నొక్కితే "లైబ్రరీ లోడ్ కాలేదు, 126" అంటోంది. కొత్త ప్యాకేజీలోని ఏఎండీ64 ఫోల్డర్ నుంచి చిప్ డీఎల్ఎల్ తీసి ప్రోగ్రామ్ పక్కన పెడితే 126 పోయి 193 వస్తోంది. విండోస్ 64-బిట్ కదా, 64-బిట్ డీఎల్ఎల్ కదా?

---

పిన్‌బోర్డు

126 అంటే డీఎల్ఎల్ గానీ, అది ఆధారపడే ఇంకో డీఎల్ఎల్ గానీ దొరకలేదు. 193 అంటే దొరికింది, బిట్లు కలవలేదు.

డ్రైవర్ .ఎస్‌వైఎస్ కెర్నెల్‌లో నడుస్తుంది, కాబట్టి అది విండోస్‌తో కలవాలి: 64-బిట్. ప్రోగ్రామ్ పక్కన ఉండే డీఎల్ఎల్ ఆ ప్రోగ్రామ్ ప్రాసెస్‌లో నడుస్తుంది, కాబట్టి అది ప్రోగ్రామ్‌తో కలవాలి. మీ లాగర్ ప్రోగ్రామ్ కూడా సెటప్‌లాగే 32-బిట్ అయ్యుంటుంది. నిర్ధారించుకోవడానికి ప్రోగ్రామ్ తెరిచి ఉంచి టాస్క్ మేనేజర్‌లో చూడండి, పేరు పక్కన "32 బిట్" అని ఉంటుంది.

ఏఎండీ64 నుంచి తెచ్చినదాన్ని తీసేసి, అదే ప్యాకేజీలోని ఐ386 ఫోల్డర్‌లో ఉన్న డీఎల్ఎల్‌ని ప్రోగ్రామ్ ఫోల్డర్‌లో పెట్టండి. పేరు ప్రోగ్రామ్ అడుగుతున్నదానితో అక్షరం తేడా లేకుండా ఉండాలి. కొన్ని ప్యాకేజీల్లో 64-బిట్ డీఎల్ఎల్ పేరు చివర 64 ఉంటుంది, 32-బిట్‌దానికి ఉండదు. సిస్టమ్32లో పెట్టకండి, 32-బిట్ ప్రోగ్రామ్ అక్కడ చూడనే చూడదు.

విండోస్ సెక్యూరిటీలోని కోర్ ఐసోలేషన్‌లో మెమరీ ఇంటెగ్రిటీ ఎప్పుడైనా ఆన్ చేస్తే, చేసేముందు ఆ పేజీలోనే పొసగని డ్రైవర్ల జాబితా చూడండి. ఈ చిప్ డ్రైవర్ అందులో కనిపిస్తే ఇంకా కొత్త వెర్షన్ దింపుకోవాలి, లేదంటే లాగర్ కోడ్ 39తో ఆగిపోతుంది.

---

మీటర్‌ముల్లు

ఐ386 ఫోల్డర్‌లోది పెట్టాను. కనెక్ట్ అయింది, రీడింగ్‌లు వస్తున్నాయి. మెమరీ ఇంటెగ్రిటీ పేజీలో పొసగని డ్రైవర్లు ఏవీ లేవు.